వాది మరణించిన పిదప వ్యాజ్యము

2007లో కోలారు నుండి విడివడిన చిక్కబళ్ళాపురము జిల్లాలో, బాగేపల్లి, చింతామణి వంటి తాలూకాలలో, భూమి గల ఇంటి పెద్ద మరణించినచో వారసులు కర్మకాండ ముగియగానే నాడకచేరికి పోవుదురు. వంశవృక్షము వ్రాయించి, మృతుని ఖాతాను తమ పేర మార్పించుటకు, అనగా పౌతి ఖాతాకు, అర్జీ పెట్టుదురు. పహణిలో పేరెక్కినంతనే ఆ భూమిపై మృతుడు వేసిన దావాయు తమకు సంక్రమించినదని పలువురు తలంతురు. ఇది పొరపాటు. రెవెన్యూ దప్తరములోని మార్పు కోర్టు దప్తరమునకు తనంతట చేరదు.

1908 నాటి సివిలు ప్రొసీజరు కోడు 22వ ఆర్డరు ననుసరించి, వాది చనిపోయినంత మాత్రమున దావా పోదు. దావా హక్కు వారసులకు మిగిలినదా యనునదే ప్రశ్న. భూమి, ఇల్లు, బాకీ వీనియందు హక్కు మిగులును. పరువునష్టము వంటి కేవల వ్యక్తిగత వ్యాజ్యము వ్యక్తితోనే పోవును.

హక్కు మిగిలినను వారసులు ఊరకుండరాదు. మరణదినము మొదలు 90 దినములలో తమను మృతుని స్థానమున చేర్చుకొనుమని కోర్టుకు దరఖాస్తు చేయవలెను. చేయనిచో, ప్రత్యేకమైన ఉత్తరువు లేకయే, మృతుని మట్టుకు దావా రద్దగును. అటుపై అదే కారణముపై క్రొత్త దావా వేయ వీలులేదు. ఈ నిబంధనయే మిక్కిలి కఠినమైనది. రద్దును తొలగింపుమని మరి 60 దినములలో కోరవచ్చును. అదియు దాటినచో ఆలస్యమునకు తగిన కారణము చూపవలెను. కోర్టులు ఈ విషయమున కొంత ఉదారముగా నుండుట కలదు గాని, దానిని నమ్ముకొని కూర్చుండుట తెలివి కాదు. వాదములు ముగిసి, తీర్పు మాత్రమే రావలసియుండగా వాది మరణించినచో ఈ రద్దు వర్తింపదు.

ఇంట తెలుగు, కోర్టు కాగితములలో కన్నడమో ఆంగ్లమో యగుటచే ఇచటివారికి వేరొక చిక్కు కలదు. వాయిదాలకు తిరిగినవాడు ఆ పెద్ద యొక్కడే. భార్యాబిడ్డలకు దావా నంబరైనను తెలియకుండుట తరచు. కక్షిదారుని మరణము తెలిసిన వకీలు దానిని కోర్టుకు తెలుపవలెనని 1976 నాటి సవరణ విధించినది. కాని వకీలుకు తెలుపవలసినవారు ఇంటివారే గదా! పౌతి ఖాతా వచ్చువరకు ఆగిన యెడల 90 దినములు గడచిపోవచ్చును. నాడకచేరికిచ్చిన మరణ ధ్రువపత్రము, వంశవృక్షముల నకళ్ళు ఆ వారములోనే వకీలుకును అందవలెను.