పావులకు రెండేళ్ళు దూరమైనా పట్టు సడలని హంపి

రచ్చబండ మీద పులిజూదం, అరుగు మీద దాడి ఆట. ఎత్తుకు పైఎత్తు వేసి ఎదుటివారిని కట్టడి చేసే ఆటలు కృష్ణా జిల్లా పల్లెలకు కొత్త కాదు. చదరంగం మాత్రం చాలాకాలం తీరిక ఉన్నవారి కాలక్షేపంగానే ఉండిపోయింది. ఆ ఆటనే వృత్తిగా చేసుకుని 15 ఏళ్ళకే గ్రాండ్‌మాస్టర్ అయిన గుడివాడ ఆడపడుచు కోనేరు హంపి. పెళ్ళయి, బిడ్డ పుట్టి, రెండేళ్ళు పోటీలకు దూరమయ్యాక మళ్ళీ వచ్చి రెండుసార్లు ప్రపంచ ర్యాపిడ్ విజేతగా నిలవడం ఆమె కథలో అసలు విశేషం.

తండ్రే గురువు

హంపి 1987 మార్చి 31న గుడివాడలో జన్మించింది. తండ్రి శ్రీ కోనేరు అశోక్ స్వయంగా చదరంగం క్రీడాకారుడు. 'ఛాంపియన్' అన్న మాటలోంచే కూతురికి ఆ పేరు ఎంచుకున్నారు. తరువాత రష్యన్ పేరులా ధ్వనించాలని ఇంగ్లీషులో దాని అక్షరాలు మార్చారు. ఆ రోజుల్లో చదరంగం అంటే రష్యన్లదే పైచేయి మరి!

తండ్రి ఆడుతుంటే పక్కన కూర్చుని చూసిన పసిపిల్ల 1995లో ఎనిమిదేళ్ళలోపు వారి జాతీయ పోటీల్లో నాలుగో స్థానంలో నిలిచింది. కూతురికి శిక్షణ ఇవ్వడానికి శ్రీ అశోక్ అధ్యాపక ఉద్యోగాన్నే వదులుకున్నారు. నెలజీతం మీద బతికే ఇంటికి అది చిన్న సాహసం కాదు. ఫలితం త్వరలోనే కనిపించింది. 1997లో పదేళ్ళలోపు, 1998లో పన్నెండేళ్ళలోపు, 2000లో పద్నాలుగేళ్ళలోపు బాలికల ప్రపంచ పోటీలలో హంపి విజేత అయింది. 1999లో అహ్మదాబాద్‌లో జరిగిన పన్నెండేళ్ళలోపు ఆసియా పోటీలలో మగపిల్లలతోనే తలపడి మొదటి స్థానం గెలిచింది. 2001లో ప్రపంచ జూనియర్ బాలికల కిరీటమూ దక్కింది.

గ్రాండ్‌మాస్టర్ అంటే

అంతర్జాతీయ చదరంగ సమాఖ్య 1950 నుంచి ఇస్తున్న అత్యున్నత బిరుదు గ్రాండ్‌మాస్టర్. మామూలుగా ఒక పోటీ గెలిస్తే వచ్చేది కాదు. గట్టి ఆటగాళ్ళున్న పోటీలలో మూడుసార్లు నిర్ణీత స్థాయి ప్రతిభ చూపాలి. రేటింగ్ 2500 పాయింట్లకు చేరాలి. ఒకసారి వస్తే జీవితాంతం ఉంటుంది. మన దేశంలో తొలి గ్రాండ్‌మాస్టర్ శ్రీ విశ్వనాథన్ ఆనంద్ 1988లో ఆ బిరుదు పొందారు.

మహిళా గ్రాండ్‌మాస్టర్ అనే బిరుదు వేరే ఉంది. దానికి కావలసిన రేటింగ్ 2300. హంపి 2002లో సాధించినది మగవారితో సమానమైన గ్రాండ్‌మాస్టర్ బిరుదునే. అప్పటికి ఆమె వయసు 15 ఏళ్ళ 1 నెల 27 రోజులు. అంత చిన్న వయసులో అంతకుముందు ప్రపంచంలో మరే ఆడపిల్లా ఆ బిరుదు పొందలేదు. హంగరీకి చెందిన జూడిత్ పోల్గార్ రికార్డును ఆమె మూడు నెలల తేడాతో దాటింది. 2008లో చైనా బాలిక హౌ ఇఫాన్ దానిని తిరగరాసేదాకా ఆ రికార్డు హంపిదే. భారత మహిళలలో తొలి గ్రాండ్‌మాస్టర్ కూడా ఆమే.

అందని కిరీటం

2003లో అర్జున పురస్కారం, 2006 దోహా ఆసియా క్రీడల్లో బంగారు పతకాలు, 2007లో పద్మశ్రీ వరుసగా వచ్చాయి. 2007 అక్టోబరులో ఆమె రేటింగ్ 2600 దాటింది. పోల్గార్ తరువాత అంత ఎత్తుకు చేరిన రెండో మహిళ హంపి.

అయితే నిడివి ఆటలో ప్రపంచ మహిళా కిరీటం మాత్రం చేతికి అందలేదు. 2011లో అల్బేనియా రాజధాని టిరానాలో హౌ ఇఫాన్‌తో తలపడి 2.5 - 5.5 తేడాతో ఓడింది. పదిహేనేళ్ళకే శిఖరం చూసిన మనిషికి ఆ తరువాతి దారి ఎంత కష్టమో అప్పుడు తెలిసివచ్చింది.

బిడ్డ పుట్టాక

2014లో వివాహం, 2017లో పాప. సుమారు రెండేళ్ళు హంపి పోటీల జోలికి పోలేదు. చదరంగంలో రెండేళ్ళంటే తక్కువ కాలం కాదు. కొత్త ఎత్తుగడలు వస్తాయి, కొత్త పిల్లలు దూసుకొస్తారు. 2018లో జార్జియాలోని బటూమి ఒలింపియాడ్‌తో ఆమె తిరిగి బరిలోకి దిగింది.

2019 డిసెంబరులో మాస్కోలో ప్రపంచ ర్యాపిడ్ పోటీలు జరిగాయి. ఈ ఆటలో ఒక్కొక్కరికి 15 నిమిషాలు, వేసిన ప్రతి ఎత్తుకూ మరో 10 సెకన్లు ఇస్తారు. నిదానంగా ఆలోచించే హంపికి ఇది అనుకూలమైన ఆట కాదని అనుకున్నవారే ఎక్కువ. 12 రౌండ్లలో 9 పాయింట్లు తెచ్చుకుని, విజేతను తేల్చే ఆటలలో చైనాకు చెందిన లీ టింగ్‌జీతో తలపడింది. మొదటి ఆట ఓడింది. రెండోది గెలిచింది. చివరి ఆటతో కిరీటం ఆమెదైంది.

2024 డిసెంబరులో న్యూయార్క్‌లోనూ అంతే. మొదటి రౌండే ఓటమి. 37 ఏళ్ళ తల్లి ఇక కోలుకుంటుందా అనిపించిన చోట కోలుకుంది. 11 రౌండ్లలో 8.5 పాయింట్లతో మళ్ళీ విజేత అయింది.

వెనుక వస్తున్న తరం

హంపి తరువాత దేశంలో రెండో మహిళా గ్రాండ్‌మాస్టర్ పక్కనున్న గుంటూరుకు చెందిన ద్రోణవల్లి హారిక. 2011లో ఆ బిరుదు పొందిన హారిక, 2024లో బుడాపెస్ట్ ఒలింపియాడ్‌లో బంగారు పతకం గెలిచిన భారత మహిళా జట్టులో ఆడింది. ఆ ఒలింపియాడ్‌లోనే బంగారు పతకం గెలిచిన పురుషుల జట్టులో గుంటూరు వాసి పెంటేల హరికృష్ణ, వరంగల్లు యువకుడు ఎరిగైసి అర్జున్ ఉన్నారు.

2025 జూలైలో బటూమిలో మహిళల ప్రపంచ కప్ ఫైనల్ ఇద్దరు భారతీయుల మధ్యే జరిగింది. 38 ఏళ్ళ హంపి ఎదుట 19 ఏళ్ళ దివ్య దేశ్‌ముఖ్. దివ్య పుట్టకముందే హంపి గ్రాండ్‌మాస్టర్! నిడివి ఆటలు రెండూ సమం కాగా, ర్యాపిడ్ ఆటలో దివ్య గెలిచింది. ఆ గెలుపుతో ఆమె కూడా గ్రాండ్‌మాస్టర్ అయింది. హంపి ఓడింది గాని, ఆమె తొక్కి వేసిన బాటలోనే మరో ఆడపిల్ల ముందుకు నడిచింది.

చదరంగానికి మైదానం అక్కరలేదు, ఖరీదైన సామగ్రీ అక్కరలేదు. కాని పోటీలకు పిల్లను తీసుకువెళ్ళడానికి దారిఖర్చులు కావాలి, తోడు వెళ్ళే పెద్దలకు తీరిక కావాలి. కూతురి కోసం ఉద్యోగం మానుకోవడం ప్రతి తండ్రికీ సాధ్యం కాదు. ఆ లోటు తీర్చవలసినవి ఊరి బడి, గ్రంథాలయం, ఆట తెలిసిన పెద్దలు. సాయంత్రం అరుగు మీద పరిచిన 64 గళ్ళ ముందు మగపిల్లవాడి పక్కనే ఆడపిల్లనూ కూర్చోబెడితే మొదటి ఎత్తు వేసినట్టే.