క్విబెక్ వంటకం, పాతబస్తీ రసం

పూటీన్ అను పేరు వినగానే తెలుగు చెవికి రష్యా అధినేత జ్ఞప్తికి వచ్చుట సహజం. కాని ఇది తినుబండారం. వేయించిన బంగాళాదుంప ముక్కలు, వాటిపై పచ్చి చీజు తునకలు, ఆపైన వేడివేడిగా పెద్దకూర ఎముకల రసం. కెనడాలోని క్విబెక్ రాష్ట్రమున, పాడికి పేరొందిన పల్లెపట్టున, 1950 దశకం చివర ఇది పుట్టినది. 1957లో వార్విక్ అను ఊరిలో ఫెర్నాండ్ లషాన్స్ భోజనశాలలోనే అని కొందరు, రసం పోసి అమ్మినవాడు 1964లో డ్రమండ్‌విల్ నందలి జాన్ పాల్ రాయ్ అని మరికొందరు నేటికీ వాదులాడుదురు. మాంట్రియల్ మంచులో దీని రుచి మరిగి హైటెక్ సిటీకి తిరిగివచ్చిన తెలుగు యువకునికి ఇంట వండుకొనవలెనను కోరిక పుట్టుట వింత కాదు.

వంటకు ప్రాణం రసమే. అది హైదరాబాదుకు కొత్తదేమీ కాదు. పాతబస్తీ నిహారీలో మూలుగ బొక్కలను, పిక్క మాంసమును రాత్రియంతయు సన్నని సెగపై ఉడికించి, గోధుమపిండితో చిక్కపరచి, తెల్లవారుజామున వడ్డింతురు. క్విబెక్ వంటవాడు మసాలా వేయడు. పిండిని ముందుగా వెన్నలో వేయించును. భేదమంతే. ఎముకలను ఎర్రగా కాల్చి, ఉల్లి, క్యారట్ చేర్చి, నీరుపోసి, తెట్టె తీయుచు ఐదారు గంటలు మరిగించవలెను. 50 గ్రాముల వెన్నలో అంతే మైదాను వేరుసెనగ పొట్టు రంగు వచ్చువరకు వేయించి, ముప్పావు లీటరు రసం కొద్దికొద్దిగా పోసి కలుపవలెను. చివర మిరియాలు, చెంచాడు వెనిగరు.

చిక్కు వాసనతోనే. గోవధను నిషేధించిన 1977 నాటి చట్టం ఇక్కడ అమలులో ఉన్నది. అంగళ్ళలో దొరకు పెద్దకూర సాధారణంగా దున్నపోతుదో, గేదెదో. చట్టము కాదనని కూరను ఇంటి యజమాని కాదనును. శాకాహారులకే అను షరతుతో అద్దెకిచ్చు గదులు ఐటీ నడవలో అరుదు కావు. ఆరు గంటలు మరిగిన ఎముకల వాసన తలుపు సందున దాగదు. క్విబెక్ ప్రజలను ఎగతాళి చేయుటకు ఒకనాడు పూటీన్ పేరునే వాడినారు. నేడది కెనడా గర్వించు వంటకం. తెలుగునాట దళితవాడల పెద్దకూరకు తరతరాలుగా దక్కినది ఈసడింపే. విదేశీ పేరు తగిలించుకొని వచ్చిన అదే వాసనను మెచ్చుకొను ముక్కుకు ఏమి సమాధానం చెప్పవలెనో తెలియదు.

ఇక చీజు. మన జున్నుతో దీనికి పొత్తు లేదు. వేడిపాలను నిమ్మరసంతో విరిచిన పనీరు కరగదు. రెన్నెట్‌తో తోడుకొన్న పాలగడ్డను కోసి, నీరు వార్చి, అచ్చులో బిగించక ముందే తుంచిన తునకలు కావలెను. అవి పంటికింద కిచకిచమనును. ఒకటి రెండు దినములలో ఆ చప్పుడు పోవును. అట్టపెట్టెలలోని అతిగా కాచిన పాలు తోడుకొనవు గనుక తాజా ఆవుపాలే తెచ్చుకొనవలెను. రెండు లీటర్లకు దాదాపు 200 గ్రాములు వచ్చును. అంత ఓపిక లేనివారు మెత్తని మోజరెల్లాను చించి వేసికొందురు. కిచకిచను మాత్రం మరువవలసినదే.

శీతలగిడ్డంగి దుంపలో పిండి చక్కెరగా మారి ముక్కలు త్వరగా నల్లబడును. కొత్త దుంపను కోసి, కడిగి, తుడిచి, తొలుత మందసెగ నూనెలో మెత్తబడనిచ్చి, ఆరినపిదప కాగిన నూనెలో కరకరలాడ వేయింపవలెను. పళ్ళెములో ముక్కలు, వాటిపై చల్లదనం వదలిన చీజు, వెంటనే సలసల కాగు రసం. చీజు పూర్తిగా కరగకమునుపే ఫోర్కు చేతబట్టవలెను.