మంటతో మంచు: మోటారు లేని ఫ్రిజ్ జీవిత కథ

ఏటా సాధారణంగా జనవరి 1న హైదరాబాద్‌లోని నాంపల్లి ఎగ్జిబిషన్ మైదానంలో నుమాయిష్ మొదలవుతుంది. ఫిబ్రవరి 15 దాకా, అంటే 46 రోజులు సాగడం ఆనవాయితీ. 1938లో ఉస్మానియా పట్టభద్రుల సంఘం చొరవతో పబ్లిక్ గార్డెన్స్‌లో సుమారు వంద దుకాణాలతో పుట్టిన ఈ ప్రదర్శన 1946లో ఇప్పటి మైదానానికి మారింది. ఐస్‌క్రీమ్, కూల్‌డ్రింకులు అమ్మేవాళ్ల ఫ్రీజర్లు ఆ నెలన్నరా రాత్రి పొద్దుపోయేదాకా పనిచేస్తాయి. ఆఖరి రోజు దాటగానే వాటిని కడిగి, లారీ ఎక్కించి, ఎక్కడో ఒకచోట ఎత్తిపెట్టాలి. ఫ్రిజ్ చెడిపోయే ప్రమాదం ఎక్కువగా ఉండేది ఇక్కడే. నడిపేటప్పుడు చూపే శ్రద్ధ ఆపేటప్పుడు చూపం.

ఇలా కొన్నాళ్లు పనిచేసి చాలాకాలం నిద్రపోయే ఫ్రిజ్‌లలో ప్రత్యేకమైనది కారవాన్ ఫ్రిజ్. కారవాన్ అనగానే హైదరాబాద్ వాళ్లకు సినిమా షూటింగుల దగ్గర ఆగి ఉండే బండ్లు గుర్తొస్తాయి. అమెరికాలో ఉన్న మనవాళ్లకు వేసవి సెలవుల్లో పిల్లాపాపలతో అద్దెకు తీసుకునే ఇల్లులాంటి బండి గుర్తొస్తుంది. ఈ మధ్య వస్తున్న బండ్లలో కంప్రెసర్ ఫ్రిజ్‌లు పెరుగుతున్నాయి గానీ, దశాబ్దాల పాటు వాటిలో రాజ్యమేలింది మరో రకం. దానికి మోటారు లేదు, కంప్రెసర్ లేదు, చప్పుడు లేదు. గ్యాస్ మంట వెలిగిస్తే లోపల మంచు గడ్డకడుతుంది. దాన్ని ఎలా ఆపాలో తెలియాలంటే ముందు అది ఎలా నడుస్తుందో తెలియాలి.

ఫారడే గొట్టం నుంచి కారే యంత్రం దాకా

మట్టికుండలో నీళ్లు ఎందుకు చల్లబడతాయో మనకు తెలుసు. కుండ గోడల గుండా ఊరిన నీరు ఆవిరవుతూ లోపలి వేడిని తీసుకుపోతుంది. ఫ్రిజ్‌కూ ఇదే మూలసూత్రం. కాకపోతే కుండ నుంచి పోయిన నీటి బదులు మనం మళ్లీ నీళ్లు పోస్తాం. ఫ్రిజ్ మాత్రం పోయిన ఆవిరిని పట్టి, ద్రవంగా మార్చి, మళ్లీ వాడుకోవాలి. వంటింటి ఫ్రిజ్‌లో ఆ పని కంప్రెసర్ చేస్తుంది. అదే పనిని ఒట్టి వేడితో చేయించవచ్చన్న సంగతి 1820లలోనే బయటపడింది.

లండన్‌లో మైకేల్ ఫారడే ఒక వంచిన గాజు గొట్టంలో అమ్మోనియాను పీల్చుకున్న వెండి క్లోరైడ్ పొడి ఉంచి, గొట్టాన్ని మూసేశాడు. ఒక కొసను వేడిచేస్తే పొడిలోంచి అమ్మోనియా బయటికొచ్చి రెండో కొసన ద్రవమైంది. వేడి తీసేశాక ఆ ద్రవం తనంతట తాను మరిగి ఆవిరై మళ్లీ పొడిలోకి చేరింది. ఆ మరిగిన కొస బాగా చల్లబడింది. వాయువులను ద్రవాలుగా మార్చాలన్నదే ఫారడే ఉద్దేశం. ఆ ప్రయోగంలోనే ఒక ఫ్రిజ్ దాగి ఉంది.

దాన్ని యంత్రంగా మలిచినవాడు ఫ్రాన్స్‌కు చెందిన ఫెర్డినాండ్ కారే. పొడి బదులు నీటిని వాడి 1859లో పేటెంటు తీసుకున్నాడు. అమ్మోనియా అంటే నీటికి ప్రాణం. చల్లగా ఉన్నప్పుడు విపరీతంగా పీల్చుకుంటుంది, వేడెక్కితే వదిలేస్తుంది. 1862 లండన్ అంతర్జాతీయ ప్రదర్శనలో కారే యంత్రం గంటకు 200 కిలోల ఐసు తయారుచేసి చూపింది. కానీ అది కర్మాగారాలకు తగ్గ సరంజామా. ద్రవాన్ని తిప్పడానికి పంపు కావాలి. ఇంట్లో పెట్టుకునే వస్తువు కావడానికి ఇంకో అరవై ఏళ్లు పట్టింది.

ఇద్దరు విద్యార్థులు, ఒక బుడగ

1922లో స్టాక్‌హోమ్‌లోని రాయల్ ఇన్‌స్టిట్యూట్ ఆఫ్ టెక్నాలజీలో చదువుతున్న బాల్ట్‌జార్ ఫాన్ ప్లాటెన్, కార్ల్ మున్‌టర్స్ అనే ఇద్దరు యువకులు పంపు అవసరం లేకుండా చేశారు. నీరు, అమ్మోనియాలకు తోడు మూడోదిగా హైడ్రోజన్‌ను కలిపి, అన్నిటినీ ఉక్కు గొట్టాల్లో శాశ్వతంగా మూసేశారు. ఆ గొట్టాల్లో పీడనం బయటి గాలి పీడనానికి సుమారు 20 నుంచి 25 రెట్లు ఉంటుంది.

అడుగున మంట తగలగానే బాయిలర్‌లోని ద్రావణం మరుగుతుంది. సన్నని గొట్టంలో లేచే బుడగలు తమతోపాటు ద్రవాన్ని కూడా పైకి నెడతాయి. పంపు చేయాల్సిన పని ఈ బుడగలే చేసేస్తాయి. పైన అమ్మోనియా ఆవిరి నీటి నుంచి విడిపోయి, వెనకవైపు రెక్కలున్న గొట్టాల్లో చల్లబడి ద్రవమవుతుంది. ఆ ద్రవం ఫ్రీజర్ గోడ వెనకున్న గొట్టంలోకి జారుతుంది. అక్కడ హైడ్రోజన్ కాచుకుని ఉంటుంది.

ఇక్కడ జాన్ డాల్టన్ చెప్పిన పాక్షిక పీడనాల సూత్రం పనిచేస్తుంది. మొత్తం పీడనం గొట్టాలన్నిటా ఒకటే అయినా, ఫ్రీజర్ దగ్గర అందులో ఎక్కువ వాటా హైడ్రోజన్‌ది. అమ్మోనియా ఆవిరి వాటా కొంచెమే. అందువల్ల ద్రవ అమ్మోనియా తక్కువ పీడనంలో ఉన్నట్టే సులువుగా ఆవిరవుతుంది. మామూలు వాతావరణ పీడనంలో దాని మరుగు ఉష్ణోగ్రత మైనస్ 33 డిగ్రీల సెల్సియస్. ఆవిరవడానికి కావలసిన వేడిని ఫ్రిజ్‌లో ఉన్న పాల నుంచి, కూరల నుంచి లాగేసుకుంటుంది. అమ్మోనియా కలవడంతో బరువెక్కిన వాయువు కిందికి దిగి నీటిని చేరుతుంది. నీరు అమ్మోనియాను పీల్చుకుంటుంది, హైడ్రోజన్‌ను ముట్టదు. తేలికపడ్డ హైడ్రోజన్ పైకి తిరిగి వెళ్తుంది. అమ్మోనియా నిండిన నీరు బాయిలర్‌కు చేరుతుంది. ఇంతటి చక్రాన్ని తిప్పేది కాస్తంత వేడి, భూమ్యాకర్షణ, అంతే.

1925లో ఎలక్ట్రోలక్స్ సంస్థ ఈ ఆవిష్కరణను చేజిక్కించుకుని ప్రపంచమంతా అమ్మింది. అదే రోజుల్లో ఆల్బర్ట్ ఐన్‌స్టయిన్, లియో సిలార్డ్ కూడా కదిలే భాగాలు లేని ఫ్రిజ్ మీద పనిచేశారు. ఫ్రిజ్‌లోంచి విషవాయువు కారి బెర్లిన్‌లో ఒక కుటుంబం చనిపోయిందన్న వార్త వాళ్లను కదిలించింది. వాళ్లిద్దరికీ 1930లో అమెరికా పేటెంటు వచ్చింది గానీ, ఆ ఫ్రిజ్ బజారుకు రాలేదు. ఇళ్లకు చేరింది స్వీడన్ విద్యార్థుల ఫ్రిజ్జే.

గెలిచిన చోటు, ఓడిన చోటు

కరెంటు లేని చోట ఈ ఫ్రిజ్ వరమైంది. అడుగున కిరసనాయిలు దీపం వత్తి వెలిగిస్తే చాలు. 2 నుంచి 8 డిగ్రీల మధ్య ఉంచాల్సిన టీకా మందులను మారుమూల ఆరోగ్య కేంద్రాల్లో కాపాడిన ఘనత చాలాకాలం కిరసనాయిలు, గ్యాస్ ఫ్రిజ్‌లది. ఇప్పుడు ఆ పనిలోకి సోలార్ ఫ్రిజ్‌లు వచ్చాయి.

కరెంటు వచ్చిన ఊళ్లలో మాత్రం కంప్రెసరే గెలిచింది. అదే చల్లదనానికి అది ఎంతో తక్కువ కరెంటు తీసుకుంటుంది. 1942లో హైదరాబాద్‌లో మొదలైన ఆల్విన్ సంస్థ తయారుచేసి మన ఇళ్లకు చేర్చిన ఫ్రిజ్‌లు కంప్రెసర్‌వే. అయినా మోటారు లేని ఫ్రిజ్ పూర్తిగా కనుమరుగు కాలేదు. పెద్ద హోటళ్ల గదుల్లో మంచం పక్కన చప్పుడు చేయకుండా ఉండే చిన్న మినీబార్లలో చాలావరకు ఈ జాతివే. ఆదివారం అబిడ్స్ పేవ్‌మెంట్ మీద పాత ఇంజనీరింగ్ పుస్తకాలు కొనే విద్యార్థులు శీతలీకరణ పాఠంలో ‘ఎలక్ట్రోలక్స్ రిఫ్రిజిరేటర్’ పేరుతో దీని బొమ్మను ఇప్పటికీ గీస్తూనే ఉన్నారు.

దాన్ని చంపేవి ఏమిటి?

అరిగిపోయే భాగం లేని యంత్రం ఎందుకు చెడిపోతుంది? మొదటి కారణం వాలు. ద్రవం తనంతట తాను కిందికి జారాలి కాబట్టి ఫ్రిజ్ సమతలంగా ఉండాలి. బండిని పల్లంలో ఆపి ఫ్రిజ్ నడిపితే ద్రవం దారిలోనే నిలిచిపోతుంది. బాయిలర్ ఎండి మితిమీరి వేడెక్కుతుంది. గొట్టాలు తుప్పు పట్టకుండా లోపల కలిపే సోడియం క్రోమేట్ గట్టిపడి దారి మూసేస్తుంది. ఈ నష్టం తిరిగి సరికాదు. రెండో కారణం బాయిలర్ దగ్గర లోహం అలసి పగలడం. 2006లో అమెరికాలో ఈ లోపం వల్ల లక్షల కారవాన్ ఫ్రిజ్‌లను వెనక్కి పిలిపించారు. ఫ్రిజ్ వెనక పసుపు పొడి కనిపించినా, ఘాటైన అమ్మోనియా వాసన వచ్చినా వెంటనే ఆపేయాలి. మూడోది మనం ఎత్తిపెట్టేటప్పుడు చేసే తొందర.

ఆపే పద్ధతి

ముందు సరుకు ఖాళీ చేయాలి. తర్వాత ఫ్రిజ్ మీటను ఆఫ్‌లో పెట్టాలి. ఇలాంటి ఫ్రిజ్ సాధారణంగా గ్యాస్ మీద, ఇంటి కరెంటు మీద, బండి బ్యాటరీ మీద నడవగలదు. అందుకే మూడూ ఆపాలి. ప్లగ్ తీయాలి, బ్యాటరీ కనెక్షన్ తెంపాలి, సిలిండర్ వాల్వ్ బిగించాలి. బర్నర్ ఆరిపోయినంత మాత్రాన గ్యాస్ ఆగినట్టు కాదు. ఎల్పీజీ గాలికన్నా బరువు కాబట్టి కారితే నేల మీద పేరుకుంటుంది. సిలిండర్‌ను బండిలోంచి తీసి, గాలి ఆడే చోట నిలబెట్టి ఉంచాలి. గ్యాస్ వాసన వస్తే స్విచ్ ముట్టకుండా తలుపులు తెరవాలి.

తర్వాత తలుపు తెరిచి, అడుగున బట్ట పరిచి, మంచు తనంతట తాను కరిగేదాకా ఆగాలి. కత్తితోనో, స్క్రూడ్రైవర్‌తోనో గీకకూడదు. గోడ వెనకే అమ్మోనియా, హైడ్రోజన్ ఉన్న గొట్టం ఉంది. దానికి చిల్లి పడితే ఫ్రిజ్ పోయినట్టే, పైగా మనిషికి ప్రమాదం. గోరువెచ్చని నీళ్లలో కాస్త వంటసోడా కలిపి లోపలంతా, ముఖ్యంగా తలుపు రబ్బరు మడతల్లో తుడవాలి. నీరు పోయే గొట్టం, వెనక చిన్న తట్ట కూడా ఖాళీ చేయాలి. చివరగా పొడిబట్టతో తుడిచి ఆరబెట్టాలి.

ఆరాక తలుపు మూసేయకూడదు. మూస్తే లోపలి చెమ్మకు బూజు పట్టి, ఎన్నిసార్లు కడిగినా పోని వాసన వస్తుంది. కారవాన్ ఫ్రిజ్‌లకు తలుపును ఓరగా నిలిపే గొళ్లెం ఉంటుంది. లేకపోతే చెక్కముక్క అడ్డం పెట్టి తాడుతో కట్టాలి. ఇది పిల్లల ప్రాణాలకు సంబంధించిన విషయం కూడా. దాగుడుమూతల్లో పాత ఫ్రిజ్‌లోకి దూరిన పిల్లలు తలుపు మూసుకుపోయి ఊపిరాడక చనిపోయిన ఘటనలు చాలా జరగబట్టే, లోపలి నుంచి కూడా తెరుచుకునేలా ఫ్రిజ్‌లు తయారుచేయాలని అమెరికా 1956లో చట్టం చేసింది. పూర్తిగా పనికిరాని ఫ్రిజ్ అయితే తలుపు ఊడదీసి పెట్టడమే క్షేమం.

బండి బయటివైపు గాలి రంధ్రాలకు సన్నని జాలీ బిగించాలి. సాలీళ్లు, మట్టిగూళ్లు కట్టే కందిరీగలు బర్నర్‌లోకి, పొగ గొట్టంలోకి చేరితే మంట సరిగా మండదు, విషపూరితమైన కార్బన్ మోనాక్సైడ్ పుడుతుంది. తిరిగి వెలిగించే ముందు తెలిసిన మెకానిక్‌తో బర్నర్, గ్యాస్ పైపు చూపించాలి. బండిని సమతలంగా నిలపాలి. మంట నీలంగా ఉండాలి. చల్లబడటానికి చాలా గంటలు పడుతుంది, కంగారు పడక్కర్లేదు.

మన ఇళ్లకు, మన దుకాణాలకు

కారవాన్ లేనివాళ్లకూ ఈ పాఠం పనికొస్తుంది. ఇంటికి తాళం వేసి ఆరు నెలలు అమెరికాలో పిల్లల దగ్గరికి వెళ్లే దంపతులు హైదరాబాద్‌లో ప్రతి కాలనీలో ఉన్నారు. ఫ్రిజ్ ఖాళీ చేయడం, ప్లగ్ తీయడం, ఆరబెట్టడం, తలుపు ఓరగా ఉంచడం వాళ్లకూ వర్తిస్తాయి. కంప్రెసర్ ఫ్రిజ్‌ను వీలైనంతవరకు నిలువుగానే తరలించాలి. పడుకోబెట్టి తేవాల్సి వస్తే, నిలబెట్టి కొన్ని గంటలు ఆగాకే ఆన్ చేయాలి. కంప్రెసర్‌లోంచి జారిన ఆయిల్ తిరిగి దాని చోటికి చేరాలి. ఇప్పటి ఇంటి ఫ్రిజ్‌లలో చాలావాటిలో ఉండే ఐసోబ్యూటేన్ మండే వాయువు. అందుకని మంచును గీకకూడదన్న నియమం వాటికీ తప్పదు.

2019 జనవరి 30 రాత్రి నుమాయిష్‌లో మంటలు లేచి పెద్దసంఖ్యలో దుకాణాలు బూడిదయ్యాయి. వ్యాపారులు ఏళ్లుగా కూడబెట్టుకున్నది గంటల్లో పోయింది. మంట ఎంత నష్టం తెస్తుందో నాంపల్లి చూసింది; గ్యాస్‌తోనూ, కరెంటుతోనూ పనిచేసే ప్రతి వస్తువు దగ్గరా జాగ్రత్త తప్పదు. కాబట్టి నుమాయిష్ సామాను సర్దుకునే వ్యాపారులకు, సెలవు ముగించుకుని బండి తాళం తిరిగి ఇచ్చే ప్రవాసులకు, ఊరెళ్లే గృహస్థులకు నా విన్నపం ఒకటే. ఫ్రిజ్ ఆపడానికి ఒక పూట కేటాయించండి. గ్యాస్ కట్టేయండి, కరెంటు తీసేయండి, మంచు కరగనివ్వండి, తడి ఆరనివ్వండి, తలుపును మూసుకోకుండా కట్టండి. పిల్లలను దాని దగ్గరికి రానివ్వకండి.