ఐడా – చిన్న పేరు, పెద్ద అర్థం



మన సంఘాల్లో ఆడపిల్లల పేర్లు చూస్తే రెండు రకాలు కనిపిస్తాయి. మరియమ్మ, మార్త, రూతు, ఎస్తేరు వంటివి బైబిలు పేర్లు. ఫ్లోరెన్స్, డోరా, ఎల్సీ, ఐడా వంటివి మిషనరీ దొరసానుల కాలంలో మన ఇళ్లలోకి వచ్చిన ఇంగ్లీషు పేర్లు. రెండవ రకం పేర్లు ఇప్పుడు పాతబడ్డాయి. ఎక్కువగా అమ్మమ్మలకు, జేజమ్మలకు ఉంటాయి. వాటి అర్థమేమిటని అడిగితే, “ఏమో సిస్టరమ్మా, పెద్దవాళ్లు పెట్టారు” అంటారు.

ఆ పేర్లలో ఒకటైన ‘ఐడా’ గురించి ఈ సంచికలో చెప్పాలనుకున్నాము. ఆరోగ్య పత్రికలో పేర్ల గొడవ ఎందుకు అని మీరు అనుకోవచ్చు. ఈ పేరు కథ కాన్పు గదిలోకి, నర్సుల బడిలోకి, చివరకు మీ బిడ్డ జనన ధృవపత్రంలోకి కూడా వస్తుంది. కాబట్టి ఓపికగా చదవండి.

ఐడా అంటే ఏమిటి?

తెలుగులో రెండక్షరాలు, ఇంగ్లీషులో మూడక్షరాలు. ఇంగ్లీషువారు ‘ఐడా’ అంటారు. జర్మనీలో ‘ఈడా’ అని పలుకుతారు. ఈ పేరు మొదట పుట్టింది ప్రాచీన జర్మన్ జాతుల భాషలో. ఆ భాషలో దీని మూలమైన పదానికి పని, శ్రమ అని అర్థం. అంటే ఐడా అంటే కష్టపడి పనిచేసేది, పాటుపడేది. ఆడపిల్లకు పువ్వు పేరో, చంద్రుని పేరో, నగ పేరో పెట్టడం అన్ని దేశాల్లోనూ ఉంది. శ్రమ అని పేరు పెట్టడం అరుదు.

పాత కాలంలో ఈ పేరుగల ఒక భక్తురాలు జర్మనీలోని హెర్జ్‌ఫెల్డ్ అనే ఊరిలో ఉండేది. గొప్ప వంశంలో పుట్టి, చిన్న వయసులోనే విధవరాలై, తన ఆస్తిని బీదల కోసం ఖర్చుపెట్టింది. ఆమె తన కోసం ఒక రాతి శవపేటికను ముందే చేయించుకుని, ప్రతిరోజూ దానిని ఆహారంతో నింపి పేదలకు పంచేదని అక్కడివారు చెప్పుకుంటారు. ఆమె 825లో మరణించింది.

ఐర్లండులో ఈత అనే మరొక భక్తురాలు 6వ శతాబ్దంలో ఉండేది. ఆమె పేరును కూడా ఇంగ్లీషులో ఐడా అని వ్రాయడం ఉంది. కానీ ఆ పేరుకు ఐరిష్ భాషలో దాహం అని అర్థం. దేవుని కొరకైన దాహం అని అక్కడి విశ్వాసులు వివరిస్తారు. రెండు పేర్ల మూలాలు వేరు, తర్వాతి కాలంలో కలిసిపోయాయి.

ఇది బైబిలు పేరేనా?

కాదు. బైబిలులో ఉన్నది ‘ఆదా’. ఆదికాండము 4వ అధ్యాయంలో లెమెకు భార్యలలో ఒకామె ఆదా. 36వ అధ్యాయంలో ఏశావు భార్యలలో ఒకామె పేరు కూడా ఆదాయే. హెబ్రీ భాషలో ఆ పేరుకు అలంకారము, ఆభరణము అని అర్థం. వినడానికి ఐడా, ఆదా దగ్గరగా ఉన్నా అర్థాలు చాలా దూరం. ఒకటి నగ, ఇంకొకటి పని. అలాగే గ్రీకు కథల్లో వచ్చే ఐడా అనే కొండకూ ఈ ఆడపిల్ల పేరుకూ సంబంధం లేదు.

ఒక్క అక్షరంతో పేరు మారిపోతుందని చెప్పడానికి ఇది మంచి ఉదాహరణ. మందు ఇచ్చే ముందు, రక్తం ఎక్కించే ముందు, ఆపరేషనుకు తీసుకువెళ్లే ముందు మేము మీ పేరు మీ నోటితోనే చెప్పమని అడిగేది ఇందుకే. పేరు విని, చేతి పట్టీ మీద ఆసుపత్రి నంబరు కూడా సరిచూస్తాము. “పొద్దుటే చెప్పాను కదమ్మా” అని విసుగుపడకండి. ఒకే వార్డులో ఒకేలాంటి పేర్లవారు ఇద్దరు ఉండడం మాకు మామూలే.

ఇంగ్లండులో ఈ పేరు

1066లో నార్మన్లు ఫ్రాన్సు నుండి వచ్చి ఇంగ్లండును జయించారు. వారితోపాటు ఐడా పేరు కూడా అక్కడికి చేరింది. కొన్ని తరాలు వాడిన తర్వాత జనం దానిని మరచిపోయారు. మళ్లీ 19వ శతాబ్దంలో ఈ పేరుకు ప్రాణం వచ్చింది. 1847లో టెన్నిసన్ అనే ఇంగ్లీషు కవి ‘ది ప్రిన్సెస్’ అనే కావ్యం వ్రాశాడు. అందులో రాజకుమారి పేరు ఐడా. ఆమె పెళ్లి వద్దని, స్త్రీల కోసమే ఒక విశ్వవిద్యాలయం పెడుతుంది. మగవారికి అందులో ప్రవేశం లేదు. ఆ కాలానికి ఇది వింత ఊహ, ఎందుకంటే అప్పటికి ఇంగ్లండులో ఏ విశ్వవిద్యాలయమూ స్త్రీలకు పట్టా ఇచ్చేది కాదు. లండన్ విశ్వవిద్యాలయం 1878లో ఆ తలుపు తెరిచింది. 1884లో ఇదే కథను ‘ప్రిన్సెస్ ఐడా’ అనే హాస్య సంగీత నాటకంగా లండన్‌లో ఆడారు.

సముద్రం అవతల అమెరికాలో కూడా ఈ పేరు బాగా వ్యాపించింది. 1880లో పుట్టిన ఆడపిల్లలకు అక్కడ ఎక్కువగా పెట్టిన పేర్లలో ఐడా 7వ స్థానంలో ఉంది. 20వ శతాబ్దం గడిచేకొద్దీ ఇది పాతకాలపు పేరైపోయింది.

రాణిపేటలో పుట్టిన ఐడా

ఈ పేరు మన దక్షిణ దేశంలో నిలిచిపోయింది ఒకే ఒక స్త్రీ వల్ల. 1870 డిసెంబరు 9న రాణిపేటలో ఒక అమెరికన్ మిషనరీ వైద్యుని ఇంట ఆడపిల్ల పుట్టింది. ఆమెకు ఐడా సోఫియా స్కడర్ అని పేరు పెట్టారు. సోఫియా తల్లి పేరు. గ్రీకులో సోఫియా అంటే జ్ఞానం. అంటే ఆ పసిబిడ్డ పేరులో శ్రమ, జ్ఞానం రెండూ ఉన్నాయి. ఆమె తాతగారు డాక్టర్ జాన్ స్కడర్ 1819లో అమెరికా నుండి వైద్య మిషనరీగా బయలుదేరి వచ్చినవారు. వారి కుటుంబం పనిచేసిన ఆర్కాట్ మిషను మన మదనపల్లె ప్రాంతంలో కూడా సేవ చేసింది.

అయితే ఐడాకు మిషనరీ కావాలని ఏ కోశానా లేదు. అమెరికాలో చదువుకుని అక్కడే స్థిరపడాలనుకుంది. తల్లికి జబ్బు చేసిందని 1890లో తిండివనానికి వచ్చింది. ఆ తర్వాత ఒక రాత్రి జరిగింది మీలో చాలామంది ఆదివారపు బడిలో విని ఉంటారు. ఒక బ్రాహ్మణ యువకుడు వచ్చి, నా భార్య కాన్పు కష్టమైంది, మీరు రండి అని ఐడాను అడిగాడు. నాకు వైద్యం రాదు, మా నాన్నగారు డాక్టరు, ఆయన వస్తారు అంది. పరాయి మగవాడు చూడకూడదని అతడు వెళ్లిపోయాడు. అదే రాత్రి ఒక ముస్లిం, తర్వాత మరొక హిందువు ఇదే బాధతో వచ్చి, ఇదే మాట విని వెళ్లిపోయారు. తెల్లవారేసరికి ముగ్గురు స్త్రీలూ చనిపోయారు.

ఆమె మళ్లీ అమెరికా వెళ్లి, 1899లో కార్నెల్ వైద్య కళాశాల నుండి డాక్టరై, 1900లో రాయవేలూరులో ఒకే ఒక మంచంతో పని మొదలుపెట్టింది. 1902లో 40 మంచాల ఆసుపత్రి తెరిచింది. 1909లో నర్సుల శిక్షణ ప్రారంభించింది. 1918లో స్త్రీల కోసం వైద్య పాఠశాల పెట్టింది. కవి ఊహించిన రాజకుమారి ఐడా స్త్రీల బడి పెట్టిన 71 ఏళ్లకు, నిజమైన ఐడా మన పొరుగున అలాంటి బడే పెట్టింది. ఈ దేశంలో మొదటి బీ.ఎస్సీ. నర్సింగ్ కోర్సు 1946లో మొదలైనదాంట్లో ఆ వేలూరు కళాశాల పేరుంది. 1960 మే 24న కొడైకెనాల్‌లో ఆమె ప్రభువునందు నిద్రించేనాటికి వయసు 89 ఏళ్లు. ఆమె మేనకోడలికి కూడా ఐడా అనే పేరు పెట్టారు. ఆ అమ్మాయి కూడా డాక్టరై వేలూరులోనే పనిచేసింది.

పేరు మహిమ వల్ల ఆమె గొప్పదైందని మేము అనడం లేదు. ఆమె పని వల్ల ఆ పేరుకు విలువ వచ్చింది.

ఆ ముగ్గురి పేర్లు ఏమిటి?

ఈ కథను పుస్తకాల్లో, ప్రసంగాల్లో, నాటికల్లో ఎన్నోసార్లు చెప్పుకున్నాము. ఐడా పేరు చెబుతాము, ఆమె తండ్రి పేరు, తాత పేరు చెబుతాము. చనిపోయిన ఆ ముగ్గురు తల్లులు మాత్రం మనం చెప్పుకునే కథలో ఫలానావారి భార్యలుగానే ఉండిపోయారు. వారిని కూడా కన్నవారు ఏదో ఒక పేరుతో ముద్దుగా పిలిచే ఉంటారు.

ఆడవారి పేరు వెనకబడిపోవడం ఆ కాలంతో పోలేదు. మగపిల్లవాడు పుడితే రెండో రోజుకే పేరు సిద్ధంగా ఉంటుంది. ఆడపిల్ల అయితే, అందులోనూ రెండవదో మూడవదో అయితే, “చూద్దాంలే సిస్టరమ్మా” అంటారు. మా కాన్పుల వార్డులో పసిబిడ్డ చేతికి కట్టే పట్టీ మీద ‘బేబీ ఆఫ్’ అని వ్రాసి, పక్కన తల్లి పేరు వ్రాస్తాము. అది నాలుగు రోజుల అవసరానికి. కొందరు పిల్లలు టీకాలకు తొమ్మిదో నెలలో వచ్చినప్పుడు కూడా కార్డు మీద అదే ఉంటుంది. ఇంట్లో ఒక పేరు, బాప్తిస్మంలో ఒక పేరు, బడిలో ఇంకొకటి. పెద్దయ్యాక ఆరోగ్య బీమాకు, పాసుపోర్టుకు, ఉద్యోగానికి కాగితాలు కలవక తిరిగేది ఆ పిల్లే.

పేరే గాయమైన సంగతి కూడా ఉంది. మహారాష్ట్రలో కొన్ని ఇళ్లలో కొడుకు కోసం చూసి, కూతురు పుడితే ‘అక్కరలేనిది’ అనే అర్థం వచ్చే ‘నకుసా’ అనే పేరు పెట్టేవారు. 2011 అక్టోబరులో సతారా జిల్లాలో అలాంటి 285 మంది బాలికలకు సభలో కొత్త పేర్లు పెట్టి పత్రాలు ఇచ్చారు. తనకు నచ్చిన పేరుతో పిలిపించుకోవడానికి ఆ పిల్లలు అన్నేళ్లు ఆగవలసి వచ్చింది.

యోబు గ్రంథం చివరి అధ్యాయం ఒకసారి తీసి చూడండి. యోబుకు మళ్లీ ఏడుగురు కుమారులు, ముగ్గురు కుమార్తెలు పుట్టారు. కుమారుల పేర్లు అక్కడ లేవు. కుమార్తెల పేర్లు యెమీమా, కెజీయా, కెరెంహప్పుకు అని వరుసగా ఉన్నాయి. తండ్రి వారికి అన్నదమ్ములతోపాటు స్వాస్థ్యం కూడా ఇచ్చాడు. పేరు, వాటా రెండూ ఇచ్చిన తండ్రి ఆయన.

తల్లిదండ్రులకు మా మనవి

1. ఆడబిడ్డ అయినా మగబిడ్డ అయినా కాన్పుకు ముందే రెండు పేర్లు అనుకుని రండి. ఏ బిడ్డో ముందే తెలుసుకోవాలని ఎవరినీ అడగవద్దు. 1994 చట్టం ప్రకారం అది నేరం.

2. జననం 21 రోజులలోపు నమోదు కావాలి. ఆసుపత్రిలో కాన్పు అయితే ఆ సమాచారం ఆసుపత్రే పంపుతుంది. తల్లిదండ్రుల పేర్లు, ఊరు సరిగ్గా వ్రాశామో లేదో ఇంటికి వెళ్లేలోపు చూసుకోండి.

3. అప్పటికి పేరు అనుకోకపోయినా నమోదు ఆపవద్దు. పేరు తర్వాత చేర్చవచ్చు. 12 నెలలలోపు అయితే రుసుము లేదు. ఆ తర్వాత 15 ఏళ్ల వరకు రుసుము కట్టి చేర్పించుకోవచ్చు. కానీ అంతదాకా ఎందుకు?

4. 2023 అక్టోబరు 1 నుండి పుట్టిన పిల్లలకు బడిలో చేరడం మొదలు పాసుపోర్టు వరకు పుట్టిన తేదీకి, స్థలానికి జనన ధృవపత్రమే ఆధారం. అందులోని అక్షరాలే అన్ని చోట్లా ఉండాలి. ఐడా అని పెడితే ఇంగ్లీషులో ఎలా వ్రాయాలో ముందే ఒక కాగితం మీద వ్రాసి ఉంచుకోండి.

5. 6, 10, 14 వారాల టీకాలకు వచ్చేటప్పుడు కార్డు తెచ్చి, పేరు పెట్టి ఉంటే దాని మీద వ్రాయించండి. 9వ నెల టీకాకు ‘బేబీ ఆఫ్’ అనే కార్డుతో ఎవరూ రాకూడదని మా కోరిక.

6. బాప్తిస్మం పేరు, బడి పేరు ఒకటే అయితే మంచిది. రెండు పెట్టాలనుకుంటే రెండూ కలిపి ఒకే పేరుగా నమోదు చేయించండి.

మీ బిడ్డకు ఐడా అనే పేరే పెట్టమని మేము చెప్పడం లేదు. మీ అమ్మమ్మ పేరు పెట్టండి, బైబిలు పేరు పెట్టండి, చక్కని తెలుగు పేరు పెట్టండి. అర్థం తెలుసుకుని పెట్టండి. ఆలస్యం చేయకుండా పెట్టండి. లూకా సువార్తలో జెకర్యాకు మాట రాని స్థితిలో కూడా పలక తెప్పించుకుని బిడ్డ పేరు వ్రాశాడు. మనకు నోరు ఉంది, కలం ఉంది, ఆడబిడ్డ పేరు వ్రాయడానికి ఇంకేమి కావాలి?

మీ బిడ్డలను, వారి పేర్లను ప్రభువు దీవించును గాక. ఆమేన్.

– నర్సింగ్ సూపరింటెండెంట్