పక్కవాద్యానికి దక్కేదెంత? గ్రాంట్ గ్రీన్ గిటారు చెప్పే సంగతి

అమెరికా జాజ్ రికార్డు కవరు మీద సాధారణంగా ఒక్క పేరే పెద్దగా కనిపిస్తుంది. మిగతా వాద్యకారుల పేర్లు చిన్న అక్షరాల్లో ఎక్కడో ఉంటాయి. ఖవ్వాలీలో పేరు ఖవ్వాల్‌దే, వెనక కూర్చున్న హమ్‌నవాలను ఎవరూ అడగరు కదా, ఇదీ అంతే. ఈ వెనకవాళ్లనే అక్కడ సైడ్‌మన్ అంటారు. మన మాటలో పక్కవాద్యం. 1960ల్లో ఈ పని చాలా ఎక్కువగా చేసినవాళ్లలో గిటారిస్టు గ్రాంట్ గ్రీన్ ఒకరు. ఆయన వాయించింది ఇప్పటికీ అమ్ముడుపోతోంది. మరి ఆ డబ్బు ఎవరికి పోతోంది?

సోల్ జాజ్ అంటే ఏమిటి?

జాజ్‌లోకి బ్లూస్, నల్లజాతి చర్చి పాటల వరస, డ్యాన్స్ తాళం కలిస్తే సోల్ జాజ్. ఆర్గన్, గిటారు, డ్రమ్స్, ఈ మూడూ ఉంటే చాలు, క్లబ్ నిండిపోయేది. బేస్ గిటారు అక్కర్లేదు. ఆర్గన్ వాయించేవాడే ఎడమ చేత్తోనో, కాళ్ల కింది పెడల్స్‌తోనో ఆ పని కూడా చూసుకునేవాడు.

గ్రీన్‌ది సెయింట్ లూయిస్ నగరం. శాక్సఫోన్ విద్వాంసుడు చార్లీ పార్కర్ రికార్డులు విని నేర్చుకున్నాడు. అందుకే ఆయన గిటారు ఒక్కొక్క స్వరంగా, ఊదే వాద్యంలా పలుకుతుంది. ఆర్భాటం లేదు, వేగం చూపించుకోవాలన్న తొందర లేదు. ఒక చిన్న ముక్కను పట్టుకుని, వినేవాడి కాలు కదిలేదాకా దాన్నే తిప్పి తిప్పి వాయించేవాడు. శాక్సఫోన్ వాద్యకారుడు లౌ డొనాల్డ్‌సన్ ఆయన్ని విని న్యూయార్క్‌కు పిలిపించాడు, బ్లూ నోట్ కంపెనీ యజమాని ఆల్ఫ్రెడ్ లయన్‌కు పరిచయం చేశాడు.

ఎనిమిది రోజులు, మూడు ఆల్బమ్‌లు

1961 జనవరి 23న డొనాల్డ్‌సన్ ఆల్బమ్‌కి గ్రీన్ వాయించాడు. 28న తన సొంత ఆల్బమ్ 'గ్రాంట్స్ ఫస్ట్ స్టాండ్' రికార్డు చేశాడు. 30న ఆర్గన్ వాద్యకారుడు బేబీ ఫేస్ విలెట్ ఆల్బమ్. మూడింటిలోనూ గిటారు గ్రీన్‌దే, ఆర్గన్ విలెట్‌దే. మారింది కవరు మీది పేరు మాత్రమే.

ఆ తర్వాతి నాలుగైదేళ్లలో స్టాన్లీ టరెంటైన్, హెర్బీ హాంకాక్, లీ మోర్గన్, లారీ యంగ్, ఇలా ఎందరి రికార్డుల్లోనో ఆయన గిటారు ఉంది. ఇలాంటి పనికి కూలి లెక్క సింపుల్. ఒక సెషన్ అంటే మామూలుగా మూడు గంటలు. దానికి యూనియన్ కట్టిన రేటు. లీడర్‌కు దానికి రెట్టింపు. సైడ్‌మన్ ఆ రోజు డబ్బు తీసుకుని ఇంటికి పోతాడు. రికార్డు వంద అమ్మినా, లక్ష అమ్మినా ఆయనకు అదే.

లీడర్ సంగతి బాగుందా అంటే అదీ లేదు. లీడర్‌కు రాయల్టీ ఉంటుంది గానీ, ముందు రికార్డింగు ఖర్చులు అందులోంచి మినహాయించుకోవడం మామూలే. పైగా రికార్డు బయటికొస్తేనే ఏదైనా. గ్రీన్ 1964లో చేసిన 'మాటడార్', 'సాలిడ్' కంపెనీ బీరువాలోనే ఉండిపోయాయి. 1979లో విడుదలయ్యాయి. ఆ ఏడాది జనవరి 31నే న్యూయార్క్‌లో గుండెపోటుతో గ్రీన్ చనిపోయాడు. అప్పటికి యాభై ఏళ్లు కూడా నిండలేదు. 1960 నవంబరులో బ్లూ నోట్‌కు చేసిన మొట్టమొదటి సెషన్ అయితే 2001 దాకా బయటికే రాలేదు.

చనిపోయాక పెరిగిన గిరాకీ

మత్తుమందుల అలవాటుతో 1960ల చివర్లో కొంతకాలం ఆయన రికార్డింగులు ఆగిపోయాయి. 1969లో తిరిగొచ్చి ఫంక్ వైపు మళ్లాడు. 1970లో ఒక క్లబ్‌లో రికార్డు చేసిన 'అలైవ్!' అప్పట్లో జాజ్ పెద్దలకు పెద్దగా నచ్చలేదు. కానీ 1991లో ఎ ట్రైబ్ కాల్డ్ క్వెస్ట్, 1993లో అస్‌త్రీ బృందం అందులోంచే ముక్కలు తీసుకుని ర్యాప్ పాటలు కట్టాయి. కుర్రవాళ్లు ఆయన పాత రికార్డుల కోసం వెతకడం మొదలుపెట్టారు.

ఇక్కడే అసలు మెలిక. ఒక పాటకు రెండు హక్కులుంటాయి. ఒకటి బాణీ కట్టినవాడిది, రెండోది రికార్డింగుది. రికార్డింగు హక్కు సాధారణంగా కంపెనీ చేతిలో ఉంటుంది. ముక్క తీసుకున్నవాళ్లు ఈ ఇద్దరి అనుమతీ తీసుకోవాలి. జనానికి నచ్చింది గిటారిస్టు వేళ్ల మహిమే అయినా, వాయించినందుకు మాత్రమే ఆయనకు విడిగా హక్కు లేదు.

చట్టం ఏం చెప్తుంది?

అమెరికాలో మామూలు రేడియోలో పాట వస్తే బాణీకర్తకు డబ్బు వస్తుంది, వాయించినవాళ్లకు ఏమీ రాదు. 1995 చట్టంతో డిజిటల్ రేడియోకు లెక్క మారింది. ఆ డబ్బులో సగం రికార్డింగు హక్కుదారుకు, 45 శాతం ప్రధాన కళాకారుడికి, 5 శాతం పక్కవాద్యాలకూ వంతపాటవాళ్లకూ కలిపి పోతుంది. అయితే 1972కు ముందు రికార్డులు ఈ చట్టం కిందికి రాలేదు. గ్రీన్ మంచి రికార్డులు ఎక్కువ భాగం ఆ ముందువే! 2018లో కొత్త చట్టం వచ్చాకే వాటికీ ఈ వాటా కుదిరింది. ఆయన పోయిన 39 ఏళ్లకన్నమాట. కోరిన పాట వినిపించే యాప్‌లకు మాత్రం ఈ వాటా వర్తించదు. అక్కడ కంపెనీతో ఉన్న ఒప్పందమే లెక్క.

గ్రీన్‌ను కొత్తగా వినేవాళ్లు 1963 నాటి 'ఐడిల్ మోమెంట్స్'తో మొదలుపెట్టొచ్చు. ఏడు నిమిషాలు అనుకున్న పాట, అందరూ చరణాలు రెట్టింపు వాయించడంతో పదిహేను నిమిషాల దగ్గరకు వెళ్లింది. బాగుందని దాన్ని అలాగే ఉంచి, మిగతావాటిలో రెండు పాటలను కుదించి మళ్లీ రికార్డు చేశారు. అందులో గిటారు తొందరపడదు, పక్కవాళ్లకు చోటిస్తుంది. పక్కవాద్యంలో ఏళ్లు గడిపిన మనిషి లీడరైతే ఎలా ఉంటుందో అక్కడ వినిపిస్తుంది.