ఉభయ తీరాల దైనందిన మార్గం - గోదావరిపై రోడ్ కమ్ రైలు వంతెన

రాజమహేంద్రవరం నగరాన్ని ఆవలి ఒడ్డునున్న కొవ్వూరు పట్టణంతో కలిపే రోడ్ కమ్ రైలు వంతెనకు ఉభయ తీరాల ప్రజాజీవనంలో గల ప్రాధాన్యం అపారం.

1900లో ప్రారంభమైన హేవలాక్ వంతెన రైళ్లకే పరిమితమై ఉండేది. ఇక్కడ రోడ్డు ప్రయాణికులు నదిని దాటేందుకు పడవలు, లాంచీలపై ఆధారపడేవారు. ఈ ఇబ్బందిని తొలగించిన ప్రస్తుత వంతెనను 1974 నవంబరులో నాటి రాష్ట్రపతి శ్రీ ఫక్రుద్దీన్ అలీ అహ్మద్ ప్రారంభించారు. దిగువ అంతస్తులో సుమారు 2.8 కిలోమీటర్ల రైలు మార్గం, పై అంతస్తులో సుమారు 4.1 కిలోమీటర్ల రోడ్డు కలవు.

ఉక్కు నిర్మాణం ఎండకు వ్యాకోచించి, చలికి సంకోచిస్తుంది. అందుకై గడ్డర్ల మధ్య కీళ్లు అమర్చుతారు. అవి దెబ్బతింటే వాహనాల కుదుపులు పెరగడమే గాక, వర్షపు నీరు దిగి ఉక్కు తుప్పు పడుతుంది. కావున రోడ్డు మరమ్మతు కేవలం గుంతలు పూడ్చడం కాదు, వంతెన రక్షణయే. ఇందుకై 2023లో కొంతకాలం రాకపోకలు నిలిపివేయవలసి వచ్చింది.

2015లో అందుబాటులోకి వచ్చిన నాలుగో వంతెన భారాన్ని కొంత తగ్గించింది. అయితే 2022 ఏప్రిల్ 4న కొవ్వూరు ప్రాంతం రాజమహేంద్రవరం కేంద్రంగా గల తూర్పు గోదావరి జిల్లాలో చేరినందున, జిల్లా కార్యాలయాలకు వచ్చే ప్రజలు సైతం నదిని దాటవలసిందే. 2027 గోదావరి పుష్కరాల దృష్ట్యా, నిర్వహణ పనులు ముందుగానే పూర్తి కావడం ఉభయ తీరాలకు శ్రేయస్కరం.