‘రేపు’ మింగేసిన ప్రేమ

ప్రేమకు కులం అడ్డొస్తుంది, డబ్బు అడ్డొస్తుంది, పెద్దలు అడ్డొస్తారు. ఇవేవీ కాకుండా అబ్బాయిగారి బద్ధకమే అడ్డొస్తే? రష్యన్ రచయిత ఇవాన్ గొంచరోవ్ 1859లో వెలువరించిన ‘ఒబ్లోమోవ్’ నవలలో జరిగింది అదే.

ఒబ్లోమోవ్ సెయింట్ పీటర్స్‌బర్గ్‌లో ఉండే జమీందారు. మనసు వెన్న. కానీ మంచం దిగడు, ఒంటిమీది పాత అంగీ విడవడు. ఊరి నుంచి వచ్చిన ఉత్తరానికి జవాబు రాయాలన్నా రేపే! అలాంటివాడు ఓల్గా పాట విని ప్రేమలో పడ్డాడు. ఆమె కోసం పగటినిద్ర మానేశాడు, పుస్తకాలు పట్టాడు. పెళ్లి చేసుకుందామని తనే అడిగాడు. ఆమె సరేనంది.

చిక్కంతా అక్కడే మొదలైంది. పెళ్లంటే ఎస్టేటు లెక్కలు తేల్చాలి, ఇల్లు చూడాలి. అన్నీ వాయిదాలే! ఆమెను కలవడానికీ బద్ధకమే. ఓసారి జలుబన్నాడు. నెవా నది గడ్డకట్టే రోజులొచ్చి వంతెనలు తీసేస్తే, అదో వంక దొరికింది. చివరికి పరువును కూడా లెక్కచేయకుండా ఓల్గాయే నది దాటి అతని ఇంటికొచ్చింది. అయినా పెళ్లి పనులు కదల్లేదు.

అతణ్ని మార్చగలనని నమ్మిన ఓల్గాకు ఓ నిజం తెలిసొచ్చింది. తను ప్రేమించింది ఎదుటి మనిషిని కాదు, అతను మున్ముందు అవుతాడనుకున్న మనిషిని! ఏడుస్తూనే తెగదెంపులు చేసుకుంది. తర్వాత అతని స్నేహితుడు స్టోల్జ్‌ను పెళ్లాడింది. ఒబ్లోమోవ్ మాత్రం, అన్నీ మంచం దగ్గరికే అందించే ఇంటి యజమానురాలిని కట్టుకుని మళ్లీ నడుం వాల్చాడు.

ఈ జబ్బు మూలం ఎక్కడుంది? రైతుల వెట్టిచాకిరీ మీద, కాలు కింద పెట్టకుండా పెరిగిన బాల్యంలో అంటుంది నవల. మనస్తత్వ పరిశోధకులు ఫ్యూషియా సిరోయిస్, తిమోతీ పిచిల్ 2013లో రాసిన వ్యాసంలో ఇంకో సంగతి చెప్పారు. వాయిదా వెనక ఉన్నది టైము చాలకపోవడం కాదు, ఆ పని తలచుకుంటే కలిగే దిగులు నుంచి ఇప్పటికిప్పుడు తప్పించుకోవడమేనట!

అందుకే సాధింపులు పనిచేయవు. సాధించినకొద్దీ దిగులు పెరుగుతుంది, పని ఇంకా వెనక్కి పోతుంది. పోనీలే అని అతని పనులన్నీ తనే నెత్తినేసుకుంటే, అతనికి లేవాల్సిన అవసరమే ఉండదు. పెద్ద పనిని ముక్కలు చేసి, మొదటి ముక్క ఏ రోజు చేస్తాడో అతని నోటితోనే చెప్పించడం మేలు. ఆ రోజూ దాటిపోతుంటే, రాబోయే మనిషి కోసం కాకుండా ఉన్న మనిషిని చూసే నిర్ణయం తీసుకోవాలి. ఆలస్యం అమృతం విషం అని మన పెద్దలు ఊరికే అనలేదు!